పుట్ట ఉంటేనే గొడుగు

ఆషాఢం సగం గడిచాక హనుమకొండ నుంచి ములుగు వెళ్లే దారిలో మల్లంపల్లి దాటితే, రోడ్డు పక్కన మోదుగాకులు పరుచుకుని కూర్చున్న ఆడవాళ్లు కనిపిస్తారు. ఆకుల మీద మట్టి వదలని పుట్టగొడుగులు కుప్పలు పోసి ఉంటాయి. తూకం ఉండదు, కుప్పకింత. నిరుడు వానాకాలంలో ఒకామె దగ్గర ఆగాను. ఆమె ముందు రెండు రకాల కుప్పలున్నాయి. ఒక రకం బొటనవేలంత మొగ్గలు, ఇంకా గొడుగు విప్పనివి, నడినెత్తిన చిన్న బుడిపె ఉన్నవి. రెండో రకం అరచేయంత వెడల్పున విచ్చుకున్నవి, అంచులు అక్కడక్కడా చీలినవి. మొగ్గల కుప్ప చిన్నదే, కానీ ధర దాదాపు రెట్టింపు.

“విచ్చుకుంటే రుచి పోతుంది సారూ, పురుగు చేరుతుంది. మొగ్గలే తీసుకోండి” అంది.

“ఎక్కడ దొరికాయమ్మా?” అని అడిగితే నవ్వి, అడవి వైపు చెయ్యి ఊపింది. ఆ ఊపులో సగం ములుగు జిల్లా ఇమిడిపోయింది. చోటు బయటపెట్టకపోవడం ఈ పనిలో మొదటి పాఠం.

మొగ్గలే కొన్నాను. ఆ రాత్రి కూర బాగుంది. కొన్నాళ్లకు సిసిలీ కొండల్లో పెరిగే ఒక పచ్చిక పుట్టగొడుగు గురించి చదివాను. అప్పటి నుంచి ఆ మొగ్గల కుప్ప గుర్తొస్తే మనసు చివుక్కుమంటోంది. ఆ బాధలో న్యాయం ఉందా లేదా అని తేల్చుకోవడానికి సిసిలీ, స్విట్జర్లాండ్, వేల్స్ అన్నీ చుట్టి మళ్లీ ములుగు రోడ్డుకే రావాల్సి వచ్చింది. కాళ్లతో కాదు, పుస్తకాలతోనే.

సిసిలీ ఇటలీ కొసన ఉన్న పెద్ద ద్వీపం. దాని ఉత్తర భాగంలో మదోనియే కొండలున్నాయి. అక్కడ 1,200 నుంచి 2,000 మీటర్ల ఎత్తున సున్నపురాతి నేల మీద గొర్రెలు మేసే పచ్చికబయళ్లు. మంచు కరిగాక, ఏప్రిల్ నుంచి జూన్ దాకా, ఆ గడ్డిలో మీగడ రంగు పుట్టగొడుగు ఒకటి లేస్తుంది. పేరు ప్లూరోటస్ నెబ్రోడెన్సిస్. పక్కనే ఉన్న నెబ్రోది కొండల పేరు మీదుగా 1863లో ఇంజెంగా అనే సిసిలీ శాస్త్రవేత్త దానికి ఆ పేరు పెట్టాడు. దీని బంధువులు మనకు కొత్త కాదు. వరిగడ్డి సంచుల్లో పెంచి వరంగల్ మార్కెట్లో అమ్మే ఆయిస్టర్ పుట్టగొడుగులు ఇదే ప్రజాతివి. కాకపోతే వాటిలో చాలావరకు ఎండిన మాను మీదో, గడ్డి మీదో బతుకుతాయి. ఈ కొండ పుట్టగొడుగుకు మాత్రం ఒక మొక్క వేళ్లు కావాలి. ఆ మొక్క మన జీలకర్ర, ధనియాలు, వాము, సోంపుల కుటుంబానిది. అది లేని చోట ఈ గొడుగు లేదు.

ప్రపంచంలో ఈ జాతి ఉన్న మొత్తం నేల 100 చదరపు కిలోమీటర్లకు లోపే. ఏటా పక్వానికి వచ్చేవి 250 కూడా ఉండవని అంచనా. 2006లో అంతర్జాతీయ ప్రకృతి పరిరక్షణ సమితి దీన్ని అత్యంత ప్రమాదంలో ఉన్న జాతుల వరుసలో చేర్చింది. మన రాబందులు, బట్టమేక పిట్ట ఉన్న వరుస అది. ఇంత గతి పట్టడానికి కారణం రుచి. కిలో 50 నుంచి 70 యూరోల దాకా పలికింది. ధర అంత ఉంటే విచ్చుకునే దాకా ఎవరు ఆగుతారు? ఈ రోజు నేను కోయకపోతే రేపు పక్క ఊరివాడు కోస్తాడు. దాంతో మొగ్గలుగా ఉండగానే తెంపేయడం అలవాటైంది. మదోనియే ఉద్యానవనం వాళ్లు చివరికి మూడు సెంటీమీటర్ల లోపు వాటిని కోయకూడదని నియమం పెట్టారు. పూర్తి రక్షణలో ఉన్న భాగంలో అసలు ముట్టుకోకూడదు. అడవి మీద ఒత్తిడి తగ్గించడానికి దీన్ని షెడ్లలో పెంచడమూ మొదలైంది.

మొగ్గను కోస్తే ఏం పోతుంది? ఇక్కడ కాస్త ఆగాలి, ఎందుకంటే పుట్టగొడుగు విషయంలో మన కన్ను మనల్ని మోసం చేస్తుంది. నేల మీద మనకు కనిపించేది కాయ మాత్రమే. చెట్టు లాంటి అసలు జీవి నేల కింద ఉంది. సాలెగూడు దారాల కన్నా సన్నని పోగులు మట్టిలోనో, వేళ్ల మధ్యనో అల్లుకుని ఏళ్ల తరబడి బతుకుతాయి. దాన్ని శిలీంధ్రజాలం అంటారు. వాన, వేడి, తిండి మూడూ కలిసొచ్చినప్పుడు అది నాలుగు రోజుల కోసం గొడుగు విప్పి, కింది రేకుల నుంచి కోట్ల సంఖ్యలో సిద్ధబీజాలు, అంటే విత్తనాల్లాంటి పొడి, రాల్చి ఊరుకుంటుంది. మామిడికాయ కోస్తే చెట్టు చావదు కదా, అలాగే గొడుగు కోస్తే శిలీంధ్రం చావదు. అయితే పిందెలన్నీ ఏటా రాలగొడితే ఆ చెట్టుకు పిల్ల మొక్క ఉండదు. చెట్టు ముసలిదైపోయి పడిపోయిన నాడు గానీ నష్టం బయటపడదు.

ఇది విని పుట్టగొడుగులు కోయడమే పాపం అనుకుంటే, స్విట్జర్లాండ్ వాళ్లు అడ్డం వస్తారు. అక్కడ లా షానేయాజ్ అనే అడవిలో 1975 నుంచి 2003 దాకా, 29 ఏళ్ల పాటు, కొన్ని మడుల్లో పుట్టగొడుగులన్నీ కోశారు, కొన్నింటిలో ముట్టుకోలేదు. లెక్క కట్టి చూస్తే కోసిన మడుల్లో సంఖ్యా తగ్గలేదు, రకాలూ తగ్గలేదు. కోయడానికి మనుషులు తిరిగి నేల తొక్కిన చోట మాత్రం ఆ ఏడు గొడుగులు తక్కువగా లేచాయి. అదీ శాశ్వతం కాదు, కింద శిలీంధ్రజాలం క్షేమంగానే ఉంది. ఇంత ఓపిగ్గా చేసిన ప్రయోగాలు ఈ రంగంలో చాలా తక్కువ.

మరి సిసిలీ నిజమా, స్విట్జర్లాండ్ నిజమా? రెండూ నిజమే. స్విస్ అడవి నిండా శిలీంధ్రజాలం పరుచుకుని ఉంది, చుట్టూ వేల గొడుగులు బీజాలు రాలుస్తున్నాయి, ఒక మడిలో కోసినంత మాత్రాన లోటు పడదు. సిసిలీ కొండ మీద ఉన్నవే వందల్లో. వాటికి కావలసిన మొక్క అక్కడొకటి ఇక్కడొకటి. ఒక మొక్క చచ్చిపోతే దాని వేళ్లలోని శిలీంధ్రం మరో మొక్కను చేరాలి. చేరడానికి ఉన్న వాహనం గాలిలో ఎగిరే సిద్ధబీజం ఒక్కటే. చేతిలో నూరు ఉన్నవాడి ఖర్చు వేరు, పది ఉన్నవాడి ఖర్చు వేరు. కోయవచ్చా అని అడిగితే ఏ పుట్టగొడుగు, ఎక్కడిది, ఎన్ని ఉన్నాయి అని ఎదురు ప్రశ్న వేయడం తప్ప మార్గం లేదు.

ఎన్ని ఉన్నాయన్నది ఇంకో చిక్కు. మన పత్రికల్లో ఏదైనా లెక్కకు మించి పెరిగితే పుట్టగొడుగుల్లా పుట్టుకొచ్చాయని రాస్తాం. కోచింగ్ సెంటర్లకూ, వెంచర్లకూ ఆ పోలిక అరిగిపోయింది. అందుకే పుట్టగొడుగు అరుదైనది అంటే చెవికి అతకదు. నిజానికి ఒక చోట లేచిన యాభై గొడుగులు ఒకే జీవివి కావచ్చు. ఈ ఏడు ఒక్కటీ లేవకపోయినా జీవి కింద భద్రంగా ఉండవచ్చు. పులులను లెక్కపెట్టినట్లు కెమెరా పెట్టి లెక్కించలేం. శాస్త్రవేత్తలు సాధారణంగా పది మీటర్ల ఎడం ఉంటే రెండు వేర్వేరు జీవులు అనుకుని లెక్క మొదలుపెడతారు. ఇప్పుడు మట్టిలోని డీఎన్‌ఏ చదివి గొడుగు లేవని కాలంలో కూడా ఉనికి పట్టగలుగుతున్నారు. ఇలా ఒక్కొక్కటీ తేల్చుకుంటూ పోగా, 2025 మార్చి నాటికి అంతర్జాతీయ ప్రకృతి పరిరక్షణ సమితి వాళ్ల ఎర్ర జాబితాకు ఎక్కిన శిలీంధ్ర జాతులు 1,300. అందులో కనీసం 411 ప్రమాదంలో ఉన్నవి. శాస్త్రం పేరు పెట్టిన శిలీంధ్రాలే లక్షన్నరకు పైగా ఉన్నాయి కాబట్టి ఈ 1,300 ఏ మూలకు?

ఆ 411లో కోతల వల్ల దెబ్బతిన్నవి కొద్దే. వ్యవసాయం, ఊళ్లు పెరగడం వల్ల నేల మారిపోయి ప్రమాదంలో పడ్డవి 279. ఎరువులు, పొగల నుంచి వచ్చే నత్రజని, అమోనియా వల్ల దెబ్బతింటున్నవి 91.

నత్రజని అనగానే మనకు యూరియా బస్తా గుర్తొస్తుంది, అది పంటకు బలం. బలం ఇచ్చేది శిలీంధ్రాన్ని ఎలా చంపుతుంది? దీనికి జవాబు బ్రిటన్ పచ్చికల్లో ఉంది. అక్కడ వ్యాక్స్‌క్యాప్ అనే పుట్టగొడుగులున్నాయి, మైనం పూసినట్లు మెరిసే టోపీలు. ఎర్రవి, పసుపువి, ఆకుపచ్చవి ఉంటాయి. ఒకటి గులాబీ రంగులో, నర్తకి పావడా తిరిగినట్లు అంచులు విప్పుకుని ఉంటుంది. ఆ గులాబీది ఇప్పుడు ఎర్ర జాబితాలో ఉంది. వీటికి బీద నేల కావాలి. గొర్రెలు పొట్టిగా మేసిన గడ్డి, అందులో నాచు, ఏళ్ల తరబడి నాగలి తగలని మట్టి, ఎరువు అసలే వద్దు. వీటి ఒంట్లోని నత్రజని, కార్బన్ ఐసోటోపులు, అంటే బరువులో తేడా ఉన్న రూపాలు, పరీక్షిస్తే ఇవి కుళ్లిన గడ్డి తిని బతికే రకం కాదని, బతికున్న మొక్కలతోనే ఏదో ఇచ్చిపుచ్చుకోవడం నడుస్తోందని తెలుస్తోంది. ఎరువు పడగానే ఆ బేరం చెడుతుంది. గడ్డి ఏపుగా పెరిగి మీద కమ్మేస్తుంది, మట్టిలోని పాత పొత్తులు తెగిపోతాయి. చల్లడం ఆపేసినా మళ్లీ వ్యాక్స్‌క్యాప్‌లు లేవడానికి దశాబ్దాలు పడుతుంది. ఇంగ్లండ్, వేల్స్‌లలో 1930ల నుంచి 1984 మధ్య ఇలాంటి పాత పచ్చికల్లో 97 శాతం పోయాయని లెక్క తేలింది. వాటిని ఎవరూ పగబట్టి నాశనం చేయలేదు. దున్నారు, ఎరువు చల్లారు, దిగుబడి పెంచారు. ఏ రైతైనా చేసే పనే.

వేల్స్ రాజధాని కార్డిఫ్‌లో ఒక తమాషా జరిగింది. 19వ శతాబ్దంలో కట్టిన లానిషెన్ జలాశయం కట్టల మీద వ్యాక్స్‌క్యాప్‌లు రకరకాలు బయటపడ్డాయి. కట్ట కాబట్టి వందేళ్లకు పైగా దున్నినవాడు లేడు, ఎరువు వేసినవాడు లేడు, గడ్డి మాత్రం ఎప్పటికప్పుడు కోశారు. ఎవరూ అనుకోకుండా కట్ట కాస్తా అభయారణ్యం అయింది. పుట్టగొడుగుల కోసమే ఆ కట్టలను చట్టపరంగా రక్షిత స్థలంగా ప్రకటించారు. అదే జలాశయం దగ్గర ఇళ్లు కట్టాలన్న ప్రతిపాదన వచ్చినప్పుడు ఏళ్ల తరబడి నడిచిన వివాదంలో ఆ గొడుగుల మాట గట్టిగానే వినిపించింది.

అది చదువుతుంటే నాకు పాకాల కట్ట కళ్లముందు మెదిలింది. మన కట్టల మీద వ్యాక్స్‌క్యాప్‌లు వెతకమని నా ఉద్దేశం కాదు, అక్కడి వాతావరణం వేరు. పాకాల, రామప్ప, లక్నవరం కట్టలు కాకతీయుల నాటివి, ఎనిమిది వందల ఏళ్లవి. నాగలి తగలని నేల అంటే ఎలా ఉంటుందో చూడాలంటే మన వైపు అలాంటి చోట్లకే వెళ్లాలి.

మళ్లీ మల్లంపల్లికి వద్దాం.

మన మాటలోనే ఈ గొడుగు చిరునామా ఉంది. పుట్ట గొడుగు. పాత మాట పుట్టకొక్కు, అందులోనూ పుట్ట ఉంది. తినకూడనిదాన్ని కుక్కగొడుగు అన్నారు, పాపం కుక్క ఏం చేసిందో తెలియదు. ములుగు రోడ్డు మీద అమ్మే ఆ బుడిపె గొడుగులు టెర్మిటోమైసిస్ అనే ప్రజాతివి. చెదలు లేనిదే ఇది బతకదు. మన సామెతల్లో పుట్ట చీమలు కట్టినది, పాములు చేరినది. అసలు కట్టినవాళ్లయిన చెదలను ఎవరూ తలుచుకోరు.

హసన్‌పర్తి వైపు ఒక వెంచర్ కోసం నేల చదును చేస్తున్నప్పుడు జేసీబీ ఒక పుట్టను నిలువునా చీల్చడం చూశాను. పైన గట్టి ఎర్రమట్టి గోడ, లోపల కొబ్బరికాయంత, బత్తాయంత గదులు. ఒక్కో గదిలో గోధుమరంగు స్పాంజి ముద్ద లాంటిది. అక్రోటు పప్పులా ముడతలు ముడతలుగా ఉంది. చేతిలోకి తీసుకుంటే వెచ్చగా, తడిగా, వాన పడ్డ మట్టి వాసన వేసింది. దాని మీద గసగసాల కన్నా కాస్త పెద్ద తెల్లని గుండ్లు. చెదలు కంగారుగా ఆ గుండ్లను నోట కరుచుకుని పరుగెడుతున్నాయి. పిల్లలనో గుడ్లనో కాపాడుకుంటున్నాయనుకున్నాను. కాదు, అవి శిలీంధ్రం ముద్దలు. చెదలు పంటను ఎత్తుకుపోతున్నాయి.

వ్యవసాయం మనిషి ఒక్కడే కనిపెట్టాడని గొప్పలు పోతాం గానీ ఈ చెదలు సుమారు మూడు కోట్ల ఏళ్ల కిందటే మొదలుపెట్టాయి. ఎండుగడ్డి, రాలిన ఆకు, పుచ్చిన కట్టె కొరికి తెచ్చి, మింగి, సగం అరిగిన ముద్దగా విసర్జించి ఆ స్పాంజి కడతాయి. కట్టెలో ఉండే లిగ్నిన్ అనే గట్టి పదార్థాన్ని అరిగించుకోవడం చెదల వల్ల కాదు. శిలీంధ్రం ఆ పని చేసి పెడుతుంది. మెత్తబడ్డ ముద్దనూ, తెల్ల గుండ్లనూ చెదలు తింటాయి. అందుకు ప్రతిగా తడి తగ్గకుండా, వేడి పెరగకుండా, కలుపు శిలీంధ్రాలు చేరకుండా కాస్తాయి. అక్షరాలా కలుపు తీస్తాయి. పుట్ట చచ్చిపోతే ఆ కలుపు విజృంభించి నల్లని వేళ్ల లాంటివి మట్టిలోంచి పైకి పొడుచుకొస్తాయి. అవి కనిపించాయంటే ఆ ఇల్లు ఖాళీ అని అర్థం.

వానాకాలం మొదట్లో దీపాల చుట్టూ ముసిరే ఉసిళ్లు ఈ చెదల కొత్త జంటలే. రెక్కలు రాల్చి, జంటగా నేలలో దూరి మూసుకుంటాయి. కొత్త కాపురానికి వెళ్లేవాళ్లు విత్తనం పట్టుకెళ్లాలి కదా, కానీ ఈ రకాల్లో చాలావరకు పట్టుకెళ్లవు! కొన్ని వారాలకు వాటి మొదటి కూలీ చెదలు బయటికి వచ్చి, చెత్తతో పాటు, అప్పటికే వేరే పుట్టల మీద విచ్చుకున్న గొడుగులు రాల్చిన సిద్ధబీజాలను ఏరుకుని తెచ్చుకుంటాయి. వాన, ఉసిళ్లు, గొడుగు, కూలీ చెదలు ఒకదాని వెనుక ఒకటి వచ్చే వరుస అది. గొడుగుకు కింద పొడవాటి వేరు లాంటి కాడ ఉంటుంది, మూరెడు లోతు నుంచి కూడా గట్టి మట్టిని చీల్చుకుని పైకి వస్తుంది. ఆ తంటా అంతా కొత్త కాపురాలకు విత్తనం అందించడానికే.

అంటే నేను కొన్న మొగ్గల కుప్ప, సిసిలీ మొగ్గల కుప్ప ఒకటేనా? పూర్తిగా కాదు. ములుగు, ఏటూరునాగారం అడవుల్లో మనిషి చెయ్యి అందని పుట్టలు చాలా ఉన్నాయి, కొనేవాళ్లూ యూరోలు ఇచ్చేవాళ్లు కాదు. నాలుగు వారాలు ఈ కుప్పలు అమ్ముకుని పిల్లల నోటు పుస్తకాలు కొనుక్కునే మనిషిని దోషిగా నిలబెట్టడం నాకు న్యాయంగా తోచదు. అయితే ఊరికి దగ్గరి బీళ్లలో, పుట్టలు పదీ పదిహేనుకు తగ్గిన చోట, ఉన్న మొగ్గలన్నీ ఏటా పోతుంటే లెక్క సిసిలీ వైపు మొగ్గుతుంది. అక్కడ ఒకటి రెండు గొడుగులు విచ్చుకోనివ్వాలి.

పుట్టకు అసలు ముప్పు గంప పట్టుకున్న ఆమె వల్ల రాదు. పుట్ట లేచిన చేనులో రైతు క్లోరిపైరిఫాస్ అనే పురుగుమందు కలిపిన నీళ్లు పోస్తాడు. చెరకు, వేరుశనగ, మొక్కజొన్నను చెదలు పాడుచేసిన మాట నిజం, అతని కోపమూ నిజం. కానీ రాణి చచ్చిందంటే దానితో పాటు శిలీంధ్రమూ పోతుంది. ఇక చదును చేసే యంత్రం సంగతి చూశాం. సిసిలీ గొడుగును షెడ్లోకి మార్చి కాపాడినట్లు దీన్ని మార్చలేం. ప్రయోగశాల పళ్లెంలో దారాలు పెంచగలిగారు గానీ, చెదలు లేకుండా గొడుగులు పండించి మార్కెట్‌కు పంపినవాళ్లు లేరు. వరంగల్‌లో ఆయిస్టర్, పాల పుట్టగొడుగులు ఏడాది పొడుగునా దొరుకుతాయి, పుట్టకొక్కు మాత్రం వానకే. కారణం ఇదే.

ఇంతకాలం పుట్టలను కాపాడింది చట్టం కాదు, భయభక్తులు. నాగులచవితికి, నాగపంచమికి పాలు పోసే పుట్టను దున్నే ధైర్యం ఎవరికీ ఉండదు. పెళ్లికి పుట్టమన్ను తెచ్చే చోటును చదును చేయరు. హుజూరాబాద్ దారిలో చూడండి, వరి మడుల మధ్య పసుపు కుంకుమ పూసిన పుట్ట ఒకటి, పక్కన వేప చెట్టు, ట్రాక్టర్ చాలు అక్కడ వంక తిరిగి మళ్లీ సూటిగా సాగుతుంది. పాలు తాగే పాము ఉందో లేదో గానీ, ఆ మొక్కు వల్ల చెదలూ శిలీంధ్రమూ బతికాయి.

పుట్టకు చుట్టూ మేత కావాలి, అంటే ఎండుగడ్డి, చెత్త, పుల్ల ఉన్న బీడు కావాలి. మన రెవెన్యూ భాషలో అలాంటి నేలకు ఎన్ని పేర్లో: కంచ, గైరాన్, బంచరాయి, పడావు, చెరువు శిఖం. ప్రతి మాట వెనుక ఎవరు మేపుకోవచ్చు, ఎప్పుడు మేపుకోవచ్చు అన్న ఏర్పాటు ఉండేది. ఇప్పుడు ఈ పేర్లన్నిటినీ ఒకే గాటన కట్టి వృథా భూమి అంటున్నాం. దేశంలోని వృథా భూముల పటాలను తయారు చేసేది హైదరాబాద్‌లోని జాతీయ దూర సంవేదన కేంద్రమే. వాటిలో పొదలూ గడ్డీ ఉన్న నేలలు కూడా ఆ లెక్కలోనే పడతాయి. వృథా అన్న మాట పడిందంటే దాన్ని సద్వినియోగం చేయాలన్న ఆత్రం వెంటనే వస్తుంది: సోలార్ పలకలో, ప్లాట్లో, కాదంటే యూకలిప్టస్. మొక్కలు నాటడం మీద కూడా నాకో మాట ఉంది. చెట్టు లేని చోటల్లా చెట్టు పోయిన చోటు కాదు. బ్రిటన్‌లో వ్యాక్స్‌క్యాప్ పచ్చికలకు ఇప్పుడు ఎదురవుతున్న ముప్పుల్లో చెట్లు నాటడం కూడా ఒకటి. కంచె వేసి గొర్రెలను బయటికి తోలినా పచ్చిక పాడైపోతుంది, ఎందుకంటే దాన్ని పచ్చికగా నిలిపింది ఆ గొర్రెల పళ్లే.

బీళ్లు తగ్గాయన్నది మన వైపు పుట్టగొడుగుల వల్ల కాకుండా బతుకమ్మ వల్ల అందరికీ తెలిసింది. గునుగు, తంగేడు ఊరి పొలిమేరలోనే దొరికే రోజులు పోయి, పువ్వు కోసం బండి వేసుకుని ఊళ్లు దాటాల్సి వస్తోంది. హనుమకొండ చౌరస్తాలో కట్టలు కట్టి అమ్ముతున్నారు. గునుగు లేని నేలలో పుట్ట కూడా ఉండదని శాస్త్రం చెప్పలేదు, నేనూ అనను. రెండూ బీళ్లలో కనిపించేవే, అంతే.

చట్టం సంగతి రెండు మాటల్లో. 1972 వన్యప్రాణి సంరక్షణ చట్టం జంతువులకూ పక్షులకూ జాబితాలు రాసింది, కొన్ని మొక్కలనూ చేర్చింది. శిలీంధ్రానికి అందులో చోటు లేదు. అది మొక్కా కాదు, జంతువూ కాదు, వంశవృక్షం చూస్తే జంతువులకే దగ్గర చుట్టం. 2002 జీవవైవిధ్య చట్టం కొంత నయం, పంచాయతీకో కమిటీ, ఊరికో ప్రజా జీవవైవిధ్య రిజిస్టర్ ఉండాలంది. ఊళ్లో ఏ పుట్ట మీద ఏ నెలలో ఏ గొడుగు లేస్తుందో ఆ రిజిస్టర్లో రాయవచ్చు. రాయగలిగినవాళ్లు అటవీ అధికారులూ ప్రొఫెసర్లూ కాదు, మోదుగాకు పరుచుకుని కూర్చున్న ఆమె. కానీ ఆమె చోటు చెప్పదు, చెప్పకూడదు కూడా. అరుదైన జాతుల చోట్లను శాస్త్రవేత్తలు సైతం పటం మీద మసకగానే చూపిస్తారు. అదే చట్టం 37వ సెక్షన్ కింద ఒక చోటును జీవవైవిధ్య వారసత్వ స్థలంగా ప్రకటించవచ్చు. మన రాష్ట్రంలో 2016లో అమీన్‌పూర్ చెరువుకు ఆ హోదా ఇచ్చారు. చెరువుకు ఇచ్చినది ఒక కంచకు ఇవ్వకూడదన్న నియమం ఏదీ లేదు.

ఇది చదివి ఎవరైనా గంప పట్టుకుని బయల్దేరుతారేమో, కాబట్టి ఒక మాట. మన గడ్డి మైదానాల్లో, ఇళ్ల ముందు పచ్చికలో లేచే తెల్లని పెద్ద గొడుగు ఒకటుంది, క్లోరోఫిల్లం. చూడటానికి అచ్చం తినే రకంలా ఉంటుంది, తింటే వాంతులు, విరేచనాలతో ఆసుపత్రి పాలు చేస్తుంది. వెండి నాణెం నల్లబడితే విషమని, బియ్యం రంగు మారితే విషమని చెప్పే పరీక్షలేవీ పనికిరావు. క్లోరోఫిల్లం సిద్ధబీజాలు ఆకుపచ్చగా ఉంటాయి, టెర్మిటోమైసిస్‌వి లేత గులాబీ. చూడాలంటే కాడ తీసేసి గొడుగును కాగితం మీద బోర్లించి, గ్లాసు మూసి రాత్రంతా ఉంచాలి. అప్పుడు కూడా తెలిసినవాళ్ల చేతి నుంచి వచ్చినవే తినాలి.

ఈ ఏడు మళ్లీ అదే చోట ఆగాను. ఆమె కాదు, మరొకామె. విచ్చుకున్నవి అడిగితే వింతగా చూసి, రెండు కుప్పలు ఒకటిగా కలిపి ఇచ్చింది. అందులో ఒకదాన్ని కూరకు ఇవ్వకుండా నల్ల కాగితం మీద బోర్లించాను. పొద్దున గ్లాసు తీసి చూస్తే, బండి చక్రం ఆకుల్లా గుండ్రంగా, లేత గులాబీ గీతలు. ఊదితే చెదిరిపోయేంత మెత్తని పొడి. కాగితం పట్టుకుని దాన్ని ఏం చేయాలో తెలియక పెరట్లోకి వెళ్లాను. గోడ దాకా నాపరాళ్లు పరిచి ఉన్నాయి, సందుల్లో సిమెంటు. గేటు తీసి, వీధి చివర ఇంకా అమ్ముడుపోని ఖాళీ ప్లాటు దాకా నడిచి అక్కడ దులిపాను.